టెన్షన్ వేళ ఎవరి వార్త మేలు: మనవాళ్లదా, అవతలివాళ్లదా, మూడోవాళ్లదా?

రెండు దేశాలు కత్తులు దూసుకుంటున్నప్పుడు బయటి దేశం వార్తలు చూస్తే చాలు, నిజం తెలిసిపోతుందని చాలామంది అంటారు. నేను అంత తేలిగ్గా ఒప్పుకోను.

బ్రిటన్, అర్జెంటీనా ఫాక్‌లాండ్స్ దీవుల కోసం కొట్టుకున్న 1982 యుద్ధాన్నే తీసుకోండి. అర్జెంటీనా వాళ్లకు ఆ దీవులు మాల్వినాస్. అంటే పేరు దగ్గరే పేచీ. బ్రిటన్ ముంచేసిన అర్జెంటీనా యుద్ధనౌక బెల్‌గ్రానోతో పాటు 323 మంది పోయారు. లండన్‌లో ‘ది సన్’ పత్రిక ‘చిక్కావ్’ అన్నంత సంబరంగా ఒకే ఒక్క మాటతో హెడ్డింగ్ కొట్టింది. ప్రాణనష్టం భారీగా ఉందని తెలిశాక తర్వాతి ఎడిషన్‌లో మార్చేసింది. అవతల అర్జెంటీనా వారపత్రిక ఒకటి ‘మనం గెలుస్తున్నాం’ అని కవర్ వేసింది. జూన్ 14న వాళ్ల సైన్యం లొంగిపోయింది. ఈ గోలలో బీబీసీ ‘మన సేనలు’ అనకుండా ‘బ్రిటిష్ సేనలు’ అంటే అప్పటి బ్రిటన్ ప్రధాని థాచర్ ప్రభుత్వం మండిపడింది. సొంత దేశపు మీడియా అంతా ఒకే గాటన కట్టేది కాదు. ఆ ‘మన’ ఎన్నిసార్లు వస్తోందో లెక్కపెడితే చాలా సంగతులు తెలుస్తాయి.

అవతలి దేశం వార్తలు లెక్కలకు పనికిరావు, ఉద్దేశాలకు పనికొస్తాయి. 2022 ఫిబ్రవరిలో ఉక్రెయిన్‌ మీదికి వెళ్లాక రష్యాలో ‘యుద్ధం’ అనకూడదు, ‘ప్రత్యేక సైనిక చర్య’ అనాలి. సైన్యం గురించి ‘తప్పుడు’ సమాచారం ఇస్తే 15 ఏళ్ల దాకా జైలు అని మార్చిలో చట్టమే తెచ్చారు. తన జనం చెవిన ఏ మాట పడకూడదని సర్కారు భయపడుతోందో అక్కడి టీవీ చూస్తే అర్థమవుతుంది.

ఇక మూడో దేశం. చైనా మీడియా ఆ యుద్ధాన్ని ‘ఉక్రెయిన్ సంక్షోభం’ అంది. గొడవలో లేకపోయినా దానికీ తన లెక్కలున్నాయి కదా!

అందుకే నా ఓటు దేశానికి కాదు, చోటుకి వెళ్లో, ఫొటోలతోనో సరిచూసినవాళ్లకి. 2019 ఫిబ్రవరి 26న బాలాకోట్ దాడి తర్వాత మన ఛానళ్లు కొన్ని 300 మంది చనిపోయారన్నాయి. పాకిస్తాన్ కొన్ని చెట్లు పడ్డాయంతే అంది. దాడి జరిగిందన్న చోట మదర్సా భవనాలు నిలిచే ఉన్నాయని మార్చి మొదట్లో రాయిటర్స్ శాటిలైట్ ఫొటోలతో చూపించింది. అలాగని పాకిస్తాన్ మాట పూర్తిగా నమ్మడానికీ లేదు: విలేకరులను ఆ మదర్సా లోపలికి రానిచ్చింది ఏప్రిల్ 10న, అంటే 43 రోజుల తర్వాత.