ఆలస్యమైన ప్రతిదావానా, విడి దావానా: ఆస్తి తగాదాలో ప్రతివాదికి ఏది మేలు?

పొలం జోలికి రావద్దంటూ శాశ్వత నిషేధాజ్ఞ కోరి వాది దావా వేస్తాడు. ఆ భూమి తన రిజిస్టర్డు దస్తావేజులోనిదేనని, అందులో కొంత భాగాన్ని వాదే ఆక్రమించుకున్నాడని ప్రతివాది జవాబుదావాలో (దావాకు ఇచ్చే లిఖిత సమాధానంలో) రాసి ఊరుకుంటాడు. భూమి హక్కు తనదేనన్న ప్రకటన గానీ స్వాధీనం గానీ తాను అడగనేలేదన్న సంగతి చాలా కాలానికి, తరచుగా వకీలు మారినప్పుడు, బయటపడుతుంది. వాది దావా కొట్టివేసినంత మాత్రాన పోయిన భూమి ప్రతివాది చేతికి రాదు కనుక, ఉన్న దావాలోనే ప్రతిదావా (వాదిపై తన కోరికతో ప్రతివాది వేసే కౌంటర్ క్లెయిమ్) వేయాలా, విడిగా దావా వేయాలా అన్నది అప్పుడు తేల్చుకోవలసి వస్తుంది.

ప్రతిదావాకు చోటు కల్పించినది సివిల్ ప్రొసీజర్ కోడ్ 8వ ఆర్డరులోని 6-ఎ నియమం. 1976 సవరణతో వచ్చింది. ఒకే సాక్ష్యంతో, ఒకే తీర్పుతో ఇద్దరి హక్కులూ తేలడం దీని ప్రధాన ప్రయోజనం. వాది తన దావాను మానుకున్నా, అది కొట్టివేతకు గురైనా, 6-డి నియమం ప్రకారం ప్రతిదావా కొనసాగించవచ్చు. కోర్టు ఫీజు మిగులుతుందని కొందరు అనుకుంటారు గానీ అది పొరపాటు. మన రెండు రాష్ట్రాల్లోనూ ప్రతిదావాకు దావాకు కట్టినట్లే ఫీజు కట్టాలి.

ఎంత ఆలస్యం చెల్లుతుందన్న దానిపై అశోక్ కుమార్ కల్రా కేసులో 2019 నవంబరులో సుప్రీంకోర్టు ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం స్పష్టత ఇచ్చింది. జవాబుదావా వేసిన తరువాత కూడా ప్రతిదావాను అనుమతించవచ్చు గానీ, ఆలస్యానికి కారణం, కాలపరిమితి, ఎదుటి పక్షానికి కలిగే నష్టం వంటివి తూచి చూడాలని, ఏమైనా వివాదాంశాలు (ఇష్యూలు, అంటే కోర్టు తేల్చవలసిన ప్రశ్నలు) ఖరారైన తరువాత మాత్రం స్వీకరించరాదని జస్టిస్ ఎన్.వి. రమణ రాసిన మెజారిటీ తీర్పు చెప్పింది. అసాధారణ పరిస్థితుల్లో వాది సాక్ష్యం మొదలయ్యే వరకూ అవకాశం ఉండాలని జస్టిస్ శాంతనగౌడర్ విడిగా అభిప్రాయపడ్డారు. కింది కోర్టులు పాటించవలసినది మెజారిటీ మాటనే. అందువల్ల ముందుగా డాకెట్ షీటు (వాయిదా వాయిదాకూ జరిగినది కోర్టు రాసే పత్రం) చూడాలి. ‘ఇష్యూలు ఫ్రేమ్ చేయడమైనది, వాది సాక్ష్యానికి వాయిదా’ అన్న వాక్యం అందులో కనిపిస్తే ప్రతిదావా దారి దాదాపు మూసుకుపోయినట్లే.

ఇష్యూలు కాకపోయినా మరో రెండు అడ్డంకులు ఉండవచ్చు. ప్రతిదావాకు ఆధారమైన వ్యాజ్య కారణం (దావా వేసే హక్కునిచ్చే సంఘటన), జవాబుదావా దాఖలు కాకముందో, దానికిచ్చిన గడువు తీరకముందో పుట్టి ఉండాలి. జవాబుదావా వేశాక వాది గట్టు జరిపితే దానికి విడి దావాయే గతి. ప్రతిదావా విలువ ఆ కోర్టు ఆర్థిక పరిధిని మించకూడదన్నది రెండవది. నిషేధాజ్ఞ దావా చిన్న విలువతో జూనియర్ సివిల్ జడ్జి కోర్టులో ఉంటుంది. హక్కు ప్రకటన, స్వాధీనం కోరేసరికి భూమి మార్కెట్ విలువ ముందుకొస్తుంది. నగరాల అంచున ఉన్న భూముల విషయంలో ఈ ఒక్క కారణమే నిర్ణయాన్ని మార్చేస్తుంది.

విడి దావాకు ఇష్యూల అడ్డు లేదు, కోర్టు అనుమతి అక్కరలేదు. రెండు దావాలు వేర్వేరు కోర్టుల్లో ఉంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ 24వ సెక్షన్ కింద జిల్లా కోర్టును బదిలీ కోరి, కలిపి విచారణ జరిపించుకోవచ్చు. కానీ బదిలీ ఆలస్యమై నిషేధాజ్ఞ దావా ముందే తేలిపోతే, అందులో హక్కు మీద వెలువడిన నిర్ణయం రెండవ దావాకు అడ్డుగా నిలిచే ప్రమాదం ఉంది. వరంగల్ నుంచి వెళ్లిన అనతుల సుధాకర్ కేసులో 2008లో సుప్రీంకోర్టు చెప్పినట్లు, మామూలుగా నిషేధాజ్ఞ దావాలో హక్కును నేరుగా తేల్చరు. అయితే తగిన వాదనలు, ఇష్యూ ఉన్న సందర్భాల్లో తేల్చే వీలుంది.

నా దృష్టిలో అసలు శత్రువు కాలపరిమితి. 1963 లిమిటేషన్ చట్టం 3వ సెక్షన్ ప్రకారం ప్రతిదావా విడి దావాతో సమానం, అది దాఖలైన రోజే లెక్కలోకి వస్తుంది. హక్కు ప్రకటనకు మూడేళ్లు, హక్కు ఆధారంగా స్వాధీనం కోరడానికి పన్నెండేళ్లు గడువు. ఇష్యూలు కాకుండా, విలువ పరిధిలోనే ఉంటే ప్రతిదావాయే మేలు; అదీ కారణాలు వివరించే అఫిడవిట్‌తో వెంటనే వేయాలి. ఇష్యూలు అయిపోతే మాత్రం అనుమతి కోరుతూ ఐ.ఎ. (మధ్యంతర దరఖాస్తు) వేసి, అది కొట్టేస్తే సి.ఆర్.పి.తో (సివిల్ రివిజన్ పిటిషన్‌తో) హైకోర్టుకు వెళ్లి నెలలు పోగొట్టుకోవడం కంటే విడి దావాయే నయం. ఆ నెలలను లిమిటేషన్ చట్టం 14వ సెక్షన్ కింద మినహాయిస్తారన్న ఆశతో గడువు దాటనివ్వకూడదు.

విడి దావా వేసినవారు చివర్లో మరొకటి చూసుకోవాలి. రెండు దావాలకు కలిపి ఒకే తీర్పు వచ్చినా డిక్రీలు (తీర్పు ఫలితాన్ని నమోదు చేసే ఉత్తర్వులు) రెండు ఉంటాయి. రెండూ వ్యతిరేకంగా వస్తే రెండింటి మీదా అప్పీలు వేయాలి.