ఈవెన్సా, క్యోకెనా? డచ్ డాక్యుమెంటరీలు ఎవరితో మొదలుపెట్టాలి

డచ్ డాక్యుమెంటరీలు చూద్దామనుకునేవాళ్లు నన్ను పదే పదే అడిగే ప్రశ్న ఇది: ఇద్దరు డచ్ దర్శకుల్లో ముందు యోరిస్ ఈవెన్సా, యోహాన్ వాన్ డెర్ క్యోకెనా?

తిరిగిన దేశాలు, తీసిన చరిత్ర లెక్కేస్తే ఈవెన్స్‌కు సాటి లేరు. 1928లో రోటర్‌డామ్ రైలు వంతెన మీద, మరుసటి ఏడు ఆమ్‌స్టర్‌డామ్ వాన మీద సినిమాలు తీశాడు. ఆ తర్వాత స్పెయిన్ అంతర్యుద్ధం, జపాన్ దాడిలో నలిగిన చైనా. 1946 నాటి 'ఇండోనేషియా కాలింగ్' అంటే నాకు మరీ గౌరవం. డచ్ ఈస్టిండీస్ (నేటి ఇండోనేషియా) వలస ప్రభుత్వం ఇచ్చిన ఫిల్మ్ కమిషనర్ ఉద్యోగాన్ని వదిలేసి, ఇండోనేషియా స్వాతంత్ర్యాన్ని అణచడానికి వెళ్లే డచ్ ఓడల్ని కదలనివ్వని సిడ్నీ రేవు కార్మికుల పక్షాన తీశాడు. వాళ్లతో చేయి కలిపిన భారతీయ నావికులూ అందులో ఉన్నారు. దాంతో సొంత ప్రభుత్వానికి ఏళ్ల తరబడి కంటగింపయ్యాడు.

అయినా నేను తూకం వేసేది ఒక్క విషయం మీదే. తెర మీద మనిషి మనిషిగా ఉన్నాడా, ఏదో వాదానికి సాక్షిగా నిలబడ్డాడా? మావో నడిపిన సాంస్కృతిక విప్లవ కాలపు చైనాలో, ఫ్రెంచ్ దర్శకురాలు మార్సెలిన్ లొరిదాన్‌తో కలిసి ఈవెన్స్ తీసిన చిత్రమాల 1976లో వచ్చింది. దాదాపు 12 గంటలు. జనం ఎంతో మాట్లాడతారు, కానీ ఆ రోజుల్లో వాళ్లు పడ్డ హింస దాదాపు కనిపించదు. నమ్మిన రాజకీయం కంటికి అడ్డుపడింది.

క్యోకెన్‌కూ రాజకీయాలున్నాయి, పేద దేశాల దోపిడీ మీద కోపం ఉంది. కానీ కెమెరా తనే పట్టుకునేవాడు, ఎదుటి మనిషికి దగ్గరగా వెళ్లేవాడు. 1964లో అంధ బాలల మీద సినిమా తీశాడు. రెండేళ్లకు వాళ్లలో హెర్మన్ స్లొబ్బే అనే కుర్రాడి కోసమే మళ్లీ వచ్చాడు. చివర్లో, సినిమాలో హెర్మన్ ఒక రూపం మాత్రమేనని క్యోకెనే చెప్పి సెలవు తీసుకుంటాడు. మనిషి సినిమాలో పట్టడని అంత సూటిగా ఒప్పుకున్న దర్శకులు అరుదు.

మనకు దగ్గరైనది 1988లో కేరళలో తీసిన 'ది ఐ అబవ్ ద వెల్'. మహాభారతంలో విదురుడు చెప్పే కథ, బావిలో వేలాడుతూ తేనెచుక్క కోసం నాలుక చాపే మనిషి కథ, అందులో ఉంది. ఊరంతా తిరిగి బాకీలు వసూలు చేసే వడ్డీ వ్యాపారి వెంటా కెమెరా ఓపిగ్గా నడుస్తుంది.

మరో డచ్ దర్శకుడు బెర్ట్ హాన్‌స్ట్రా గురించీ అడుగుతారు. ఆయన 'గ్లాస్' పదకొండు నిమిషాలే, ఆస్కార్ వచ్చింది, ఎప్పుడైనా చూసేయొచ్చు.

నా ఓటు క్యోకెన్‌కే. ముందు హెర్మన్, తర్వాత కేరళ. నాలుగు గంటల 'ఆమ్‌స్టర్‌డామ్ గ్లోబల్ విలేజ్' సెలవు రోజుకు ఉంచుకోండి. ఈవెన్స్ వాన ఆ తర్వాత చూడండి.