జేఎఫ్ఎఫ్ కొన్నేళ్లు వాడాక: ఉచితంగా జపాన్ సినిమా, గడువు చూసుకోవాల్సిందే

జపాన్ సినిమా అంటే మీకు యానిమే (జపాన్ యానిమేషన్) ఒక్కటే అయితే ఈ సమీక్షతో పెద్దగా పని లేదు. దానికి ఇప్పుడు రాజమార్గం ఉంది. మనుషులు నటించిన జపాన్ సినిమాలు, అందులోనూ అవార్డుల హడావుడి లేని మామూలు సినిమాలు, పైరసీ జోలికి పోకుండా ఇంట్లో కూర్చుని చూడాలనుకునేవాళ్ల కోసం రాస్తున్నాను. నేను వాడినవాటిలో ఆ పనికి బాగా పనికొచ్చింది జపాన్ ఫౌండేషన్ నడిపే జపనీస్ ఫిల్మ్ ఫెస్టివల్, క్లుప్తంగా జేఎఫ్ఎఫ్. ఆన్‌లైన్‌లో అది మొదట కొన్నాళ్లపాటు జరిగే ఉత్సవంగా నడిచింది. 2024లో జేఎఫ్ఎఫ్ థియేటర్ అనే సైట్ పెట్టారు. డబ్బులు కట్టక్కర్లేదు, రిజిస్టర్ చేసుకుంటే చాలు. కార్డు నంబరు అడగని స్ట్రీమింగ్ సైటా అని మొదట్లో నాకూ అనుమానమే.

అసలు సంగతి ఏంటంటే, జపాన్ ఫౌండేషన్ 1972లో జపాన్ ప్రభుత్వం చొరవతో పుట్టిన సంస్థ. విదేశాల్లో జపాన్ భాషను, కళల్ని పరిచయం చెయ్యడం దాని పని. టికెట్ల మీద బతికే సంస్థ కాదు కాబట్టి ఎంపికలో ఆ ధైర్యం కనిపిస్తుంది. 2022లో ఫిబ్రవరి 14 నుంచి 27 దాకా 20 సినిమాలు పెట్టారు. ఒకవైపు పాతతరం దర్శకులు కురొసావా తీసిన 'రషోమోన్', ఓజు తీసిన ఒక సినిమా. ఇంకోవైపు అంటార్కిటికా పరిశోధన కేంద్రంలో వంటవాడి కథ, విమానయాన సిబ్బంది మీద హాస్యచిత్రం, సుమో మల్లుల మీద డాక్యుమెంటరీ. ఏ వ్యాపార ఓటీటీ అయినా ఇవన్నీ ఒక్క వరుసలో పేరుస్తుందా?

ఆ ఏడాది చూసినవాటిలో నాకు బాగా నిలిచిపోయింది నిషికావా మివా తీసిన 'అండర్ ది ఓపెన్ స్కై'. హత్య కేసులో శిక్ష పూర్తిచేసుకుని బయటికొచ్చిన పాత యకూజా (జపాన్ మాఫియా) మనిషి, మామూలు బతుకు బతకాలని నానా తంటాలు పడతాడు. యకుషో కోజి ఆ పాత్రలో కోపాన్ని దిగమింగుకునే తీరు చూసి తీరాల్సిందే. ఇలాంటి సినిమా మన ఊరి థియేటర్‌కి రాదు. వచ్చినా మార్నింగ్ షో దాటదు.

2024లో పద్ధతి కొంచెం మార్చారు. జూన్ 5 నుంచి 19 దాకా సినిమాలు, ఆ తర్వాత జూలై 3 దాకా రెండు టీవీ సీరియళ్లు. వాటిలో 'రికువో' అని ఒకటి. పాతకాలపు జపాన్ పాదరక్షలు కుట్టే చిన్న కంపెనీ మూతపడే స్థితిలో పరుగు పందేల బూట్లు తయారుచెయ్యాలని తెగిస్తుంది. బ్యాంకు అప్పు, కొడుకుతో గొడవ, పెద్ద కంపెనీ ఎత్తులు, అన్నీ ఉన్నాయి. మన సీరియల్ లాగే సాగదీస్తుంది కానీ ఆపబుద్ధి కాదు. మా అమ్మ నాలుగో ఎపిసోడ్ నుంచి పక్కన చేరింది. నేను కథ చెబుతూ ఉండాలి. "ఆ చెప్పుల కంపెనీ నిలబడిందా లేదా, ముందు అది చెప్పు" అని పోరు.

లోపం దగ్గరికి వచ్చాం కదా, చెప్పేస్తాను. సబ్‌టైటిల్స్ ఎన్నో భాషల్లో ఇస్తారు, తెలుగు మాత్రం ఇన్నేళ్లలో నాకు కనబడలేదు. ఇంగ్లీష్ సబ్‌టైటిల్స్ శుభ్రంగా ఉంటాయి, నాకు ఇబ్బంది లేదు. ఇంట్లో పెద్దవాళ్లతో చూడాలంటేనే కష్టం.

రెండోది గడువు. రెండు వారాల్లో పదేసి ఎపిసోడ్ల సీరియళ్లు రెండు చూడాలంటే ఉద్యోగం చేసేవాడికి టెన్షనే. శాశ్వత సైట్ వచ్చాక ఆ ఒత్తిడి తగ్గింది గానీ, సినిమాలు అక్కడా గడువు మీదే వస్తాయి, పోతాయి. ఒక దేశంలో దొరికేది ఇంకో దేశంలో దొరకదు. అమెరికాలో ఉన్న మా బావకి ఒక సినిమా సిఫార్సు చేసేముందు "మీ దగ్గర ఉందో లేదో చూసుకో" అనడం అలవాటైపోయింది.

మన సినిమాల లెక్క తెలిసినవాళ్లకి, జపాన్ సినిమా ఇలా ఒక దేశంలో దొరికి ఇంకో దేశంలో దొరక్కపోవడం వింతగా ఉంటుంది. ఇక్కడ పెద్ద హీరో సినిమా అయితే షూటింగ్ సగంలో ఉండగానే ఓవర్సీస్ హక్కులు అమ్ముడుపోతాయి, అమెరికా ప్రీమియర్ ఇక్కడికంటే ముందు పడుతుంది. జపాన్‌లో చాలా సినిమాలకు నిర్మాత ఒక్కడే ఉండడు. టీవీ చానల్, పుస్తక ప్రచురణ సంస్థ, పంపిణీ సంస్థ, యాడ్ ఏజెన్సీ కలిసి ఒక నిర్మాణ కమిటీగా డబ్బు పెడతాయి. ఉమ్మడి ఆస్తిలో గోడ కట్టాలన్నా అందరి సంతకాలు కావాలి కదా, బయటి దేశానికి హక్కులు ఇవ్వడమూ అంతే. పైగా సొంత దేశంలోనే పెట్టుబడి తిరిగొచ్చేంత ప్రేక్షకులు ఉన్నారు. అందుకే బయటి మార్కెట్ కోసం తొందరపడాల్సిన అవసరం చాలాకాలం వాళ్లకు రాలేదు.

హక్కుల చిక్కుకి మంచి ఉదాహరణ జిబ్లీ అనే యానిమే స్టూడియో. 2020లో నెట్‌ఫ్లిక్స్ ఆ స్టూడియో సినిమాలు 21 తీసుకుని మనదాకా తెచ్చింది. 'గ్రేవ్ ఆఫ్ ది ఫైర్‌ఫ్లైస్' మాత్రం అందులో లేదు, ఎందుకంటే దాని హక్కులు షించోషా అనే ప్రచురణ సంస్థవి. అది 2024 సెప్టెంబర్‌లో గానీ రాలేదు.

థియేటర్ల సంగతి వేరు. 2019లో దర్శకుడు షింకాయ్ తీసిన 'వెదరింగ్ విత్ యూ' కోసం ఇక్కడి అభిమానులు 50,000కు పైగా సంతకాలతో పిటిషన్ పెడితే అక్టోబర్‌లో విడుదలైంది, అదీ అమెరికాకంటే ముందు. 'సుజుమే' జపాన్‌లో విడుదలైన ఐదు నెలలకు, 2023 ఏప్రిల్‌లో వచ్చింది. జిబ్లీ దర్శకుడు మియాజాకి తీసిన 'ది బాయ్ అండ్ ది హెరాన్' దాదాపు పది నెలలు తీసుకుంది, ఆస్కార్ గెలిచాక గానీ రాలేదు. 2025 సెప్టెంబర్ 12న 'డీమన్ స్లేయర్: ఇన్ఫినిటీ కాజిల్' ఎనిమిది వారాలకే తెలుగు డబ్బింగ్‌తో సహా దిగింది. అంతకుముందు జనవరిలో యుగో సాకో, రామ్ మోహన్‌ల జపాన్ రామాయణం కూడా తెలుగు మాటలతో థియేటర్‌కి వచ్చింది. విజయేంద్రప్రసాద్ చెయ్యి పడింది దాని మీద. అది 1993 సినిమా అని గుర్తుపెట్టుకోండి.

ఇవన్నీ యానిమేలే. 'గాడ్జిల్లా మైనస్ వన్' 2023 చివర్లో అమెరికా థియేటర్లలో ఆడుతుంటే మనం ట్రైలర్లు చూసుకున్నాం. అది విజువల్ ఎఫెక్ట్స్ ఆస్కార్ కూడా కొట్టేశాక 2024 జూన్‌లో నెట్‌ఫ్లిక్స్‌లో చూశాం. ఆ శబ్దం టీవీ స్పీకర్లలో వినాల్సిన శబ్దం కాదు. ఇంకో జపాన్ సినిమా మల్టీప్లెక్స్‌లో దొరికిందని ఎగిరి గంతేసి వెళ్తే, ప్రొజెక్షన్ సరిగ్గా సర్దక సబ్‌టైటిల్స్ రెండో వరుస తెర కిందికి పోయింది. మేం ఉన్నదే గుప్పెడుమంది, లేచి అడిగితే సర్దడానికి విశ్రాంతి దాకా పట్టింది.

అవార్డు సినిమాలే కావాలంటే ముబీ అనే స్ట్రీమింగ్ సైట్ ఉంది. 'డ్రైవ్ మై కార్' ఆస్కార్ గెలిచిన వారంలోపే, 2022 ఏప్రిల్ 1న, అక్కడే చూశాను. నెలనెలా డబ్బు కట్టాలి. క్రైటీరియన్ చానల్ అనే అమెరికా స్ట్రీమింగ్ సైట్ పాత జపాన్ సినిమాలకు గని అంటారు, మన దేశంలో దొరకదు.

మొత్తమ్మీద నా మార్కులు జేఎఫ్ఎఫ్‌కే, 10కి 8. నేను ల్యాప్‌టాప్‌ను కేబుల్‌తో టీవీకి తగిలించి చూస్తాను, ఫోన్‌లో చూస్తే సబ్‌టైటిల్స్ చదవడానికే సరిపోతుంది. కొత్తగా మొదలుపెట్టేవాళ్లు పెద్ద పేరున్న సినిమాతో కాకుండా, తిండి గురించో, ఆఫీసు గురించో తీసిన తేలికపాటి సినిమాతో మొదలుపెట్టండి. గడువు దగ్గరపడినవి ముందు చూసెయ్యండి.