రియాకాంప్‌తో సైడ్‌చెయిన్: కొన్నేళ్ల వాడకం తర్వాత నా మాట

రీపర్ అనే రికార్డింగ్ సాఫ్ట్‌వేర్‌తో పాటు వచ్చే రియాకాంప్ అనే కంప్రెసర్ ప్లగిన్‌ని (గట్టి శబ్దాన్ని తగ్గించి సమం చేసే చిన్న ప్రోగ్రామ్) కొన్నేళ్లుగా వాడుతున్నాను. వాయిస్ ఓవర్లు, జానపద పాటలు, యూట్యూబ్ కథనాలకు బీజీఎం, పండగల ముందు భక్తి పాటలు, నా పని ఎక్కువగా ఇదే. మామూలు కంప్రెషన్ వరకు దీని గురించి పెద్దగా చెప్పాల్సింది లేదు. శుభ్రంగా పనిచేస్తుంది, శబ్దానికి తన రంగు పూయదు. దీన్ని వదలకుండా పట్టుకోవడానికి కారణం మాత్రం సైడ్‌చెయిన్. అందుకే ఈ సమీక్ష అంతా దాని మీదే.

సైడ్‌చెయిన్ అనగానే చాలామందికి గుర్తొచ్చేది కిక్ డ్రమ్ దెబ్బ పడ్డప్పుడల్లా మిగతా పాటంతా కిందికి నొక్కుకుపోయి పైకి లేచే ఆ ఊపు. 1990ల చివర్లో ఫ్రెంచ్ హౌస్ సంగీతం దాన్ని బాగా వాడింది. దాన్ని పంపింగ్ అంటారు. వాయిస్ పని చేసేవాళ్లు ఇదే మాటను ఇంకోలా వాడతారు: మనిషి మాట్లాడగానే వెనక మ్యూజిక్ తగ్గాలి, ఆపగానే మళ్లీ పెరగాలి. అది డకింగ్. హార్డ్‌వేర్ మీద చెయ్యి తిరిగిన ఇంజనీర్లను అడిగితే మూడో సంగతి చెబుతారు, నా ఉద్దేశంలో ముందు తెలుసుకోవాల్సింది అదే. ఏ కంప్రెసర్‌లోనైనా రెండు దారులుంటాయి. ఒక దారిలో మనం వినే శబ్దం వెళ్తుంది. రెండో దారిలో కంప్రెసర్ ఆ శబ్దం ఎంత గట్టిగా ఉందో కొలిచి, ఎంత తగ్గించాలో తేల్చుకుంటుంది. ఆ రెండో దారి పేరే సైడ్‌చెయిన్. అంటే గొంతు మీద మామూలుగా కంప్రెసర్ పెట్టినా లోపల సైడ్‌చెయిన్ నడుస్తూనే ఉంటుంది. కొలవాల్సిన శబ్దాన్ని ఇంకో ట్రాక్ నుంచి పంపిస్తే డకింగ్, పంపింగ్ వస్తాయి. అదే శబ్దాన్ని ఫిల్టర్ చేసి కొలవమంటే ఇంకో రకం పని జరుగుతుంది.

రియాకాంప్‌లో నాకు నచ్చింది ఏంటంటే, ఈ సంగతి స్క్రీన్ మీదే కనిపిస్తుంది. డిటెక్టర్ ఇన్‌పుట్ అని ఒక మెనూ ఉంటుంది. అక్కడ మెయిన్ ఇన్‌పుట్ పెడితే తన ట్రాక్‌నే కొలుస్తుంది, ఆగ్జిలరీ ఇన్‌పుట్ పెడితే బయటి నుంచి వచ్చేదాన్ని కొలుస్తుంది. దానితో పాటే హైపాస్ (పై శబ్దాల్నే పోనిచ్చేది), లోపాస్ (కింది శబ్దాల్నే పోనిచ్చేది) అని రెండు స్లైడర్లు. ఇవి వినే శబ్దాన్ని ముట్టుకోవు, కొలిచే శబ్దాన్ని మాత్రమే వడకడతాయి. ప్రివ్యూ ఫిల్టర్ అనే టిక్ పెడితే కంప్రెసర్ ఏం వింటోందో మనకూ వినిపిస్తుంది. కొత్తగా నేర్చుకునేవాళ్లకు నేను మొదట చూపించేది ఈ టిక్కే. కంప్రెసర్ చెవిలో ఏం పడుతోందో ఒక్కసారి విన్నాక సైడ్‌చెయిన్ అంటే ఏంటో వేరే పాఠం చెప్పనక్కర్లేదు.

రూటింగ్ మాత్రం మొదట్లో తికమకగానే ఉంటుంది. లాజిక్ అనే సాఫ్ట్‌వేర్‌లో ప్లగిన్ పైన ఉండే మెనూలో ట్రాక్ పేరు ఎంచుకుంటే సరిపోతుంది. ఎఫ్‌ఎల్ స్టూడియోలో మిక్సర్ కింద ఉండే బాణం మీద రైట్ క్లిక్ చేసి సైడ్‌చెయిన్ ఎంచుకోవచ్చు. రీపర్‌లో దారి మనమే వేసుకోవాలి. మ్యూజిక్ ట్రాక్‌లో 4 ఛానళ్లు ఉండాలి, గొంతు ట్రాక్ నుంచి దానికి ఒక సెండ్ (శబ్దం నకలు) వెళ్లాలి, ఆ సెండ్ 1/2 నుంచి 3/4కి చేరాలి. రియాకాంప్ ఆగ్జిలరీ ఇన్‌పుట్ వినేది ఆ 3/4నే. కొత్తవాళ్లు చాలామంది ఇక్కడే ఆగిపోతారు. సెండ్ వేసి 1/2 దగ్గరే వదిలేస్తే గొంతు మ్యూజిక్ ట్రాక్‌లోకి కూడా వచ్చి రెండింతలు వినిపిస్తుంది, డకింగ్ మాత్రం జరగదు. గొంతు ఉన్నట్టుండి లావుగా, గట్టిగా వినిపిస్తే ముందు చూడాల్సింది ఆ ఛానల్ నంబర్లే.

ఇంకో ముఖ్యమైన సంగతి, సెండ్ రకం. మామూలుగా వేస్తే అది పోస్ట్ ఫేడర్, శబ్దం వాల్యూమ్ మీట (ఫేడర్) దాటాక వెళ్తుంది. అంటే మిక్స్ చివర్లో గొంతు ఫేడర్ కొంచెం తగ్గిస్తే కంప్రెసర్‌కి అందేది కూడా తగ్గి, డకింగ్ లోతు మారిపోతుంది. ప్రీ ఫేడర్ పోస్ట్ ఎఫ్‌ఎక్స్ అని పెడితే ఫేడర్ ఎలా జరిపినా డకింగ్ అలాగే నిలుస్తుంది. నా టెంప్లేట్‌లో ఇది ఎప్పుడూ ఇలాగే ఉంటుంది.

కథనం కింద బీజీఎం తగ్గించడానికి నా మొదటి సెట్టింగ్ ఇది: రేషియో (ఎంత గట్టిగా తగ్గించాలి) 3, అటాక్ (తగ్గడానికి పట్టే సమయం) 20 మిల్లీసెకన్లు, రిలీజ్ (మళ్లీ పెరగడానికి పట్టే సమయం) 500 నుంచి 700. ఆపై మాట వస్తున్నప్పుడు మీటర్ 5, 6 డీబీ తగ్గింపు చూపించేదాకా థ్రెషోల్డ్‌ని, అంటే తగ్గించడం మొదలయ్యే హద్దుని, దించుతాను. అంతకంటే ఎక్కువ తగ్గిస్తే మ్యూజిక్ ఊపిరి పీలుస్తున్నట్టు వినేవాళ్లకు తెలిసిపోతుంది. డిటెక్టర్ హైపాస్ 150 హెర్ట్జ్ దగ్గర పెడతాను. ఇంట్లో రికార్డ్ చేసిన వాయిస్‌లలో సీలింగ్ ఫ్యాన్ హోరు ఉంటుంది, మైక్ మీద పకారం, భకారం గట్టిగా పడిన చోట బుస్సుమనే గాలి ఉంటుంది. ఫిల్టర్ లేకపోతే కంప్రెసర్ వాటిని కూడా మాటే అనుకుని మ్యూజిక్‌ని నొక్కేస్తుంది. ప్రీకాంప్ 10 మిల్లీసెకన్లు ఇస్తే మొదటి అక్షరం పలకబోయే ముందే మ్యూజిక్ తగ్గడం మొదలవుతుంది. అయితే ఆలస్యం పెంచి ముందుచూపు కొనుక్కోవడం లాంటిది ఇది, కాబట్టి లైవ్‌గా మానిటర్ చేస్తూ రికార్డ్ చేసేటప్పుడు సున్నా మీదే ఉంచాలి. తగ్గిన శబ్దాన్ని తనంతట తానే పెంచే ఆటో మేకప్ టిక్ ఉంటే తప్పకుండా తీసేయాలి. డకింగ్‌లో అది ఉంటే మనిషి మాట్లాడనప్పుడు మ్యూజిక్ ఉండాల్సిన దానికంటే పైకి వచ్చి కూర్చుంటుంది.

ఇక జానపదం. నా దృష్టిలో ఈ ప్లగిన్ అసలు విలువ తెలిసేది ఇక్కడే. డప్పు రెండు పుల్లలతో వాయిస్తారు. సన్నటి సిటికెన పుల్ల దెబ్బ పైన టక్‌మని పలుకుతుంది, లావుగా ఉండే సిర్ర దెబ్బ కింద దుమ్మని మోగుతుంది. ఇప్పటి పాటల్లో ఆ డప్పు కింద సింథ్ బేస్ వేస్తున్నారు. రెండూ దాదాపు ఒకే చోట, 80 నుంచి 150 హెర్ట్జ్ మధ్యలో తన్నుకుంటాయి. డప్పు నుంచి బేస్‌కి సైడ్‌చెయిన్ వేసి ఊరుకుంటే సిటికెన పుల్ల పడ్డప్పుడల్లా కూడా బేస్ దిగిపోతుంది. సిటికెన పుల్ల దెబ్బలు వరసగా పడే చోట బేస్ ఇక లేవనే లేవదు. డిటెక్టర్ లోపాస్‌ని 200 హెర్ట్జ్‌కి దించి ప్రివ్యూ ఫిల్టర్ పెట్టి వింటే, సిర్ర దెబ్బలు మాత్రమే మిగిలి ఉంటాయి. అప్పుడు ఆ బరువైన దెబ్బకి మాత్రమే బేస్ పక్కకు తప్పుకుంటుంది. అటాక్ 1 మిల్లీసెకన్, రేషియో 4, తగ్గింపు 4 డీబీ చాలు. డప్పు కొట్టుకుపోకుండా ముందుకొస్తుంది, బేస్ తగ్గినట్టు ఎవరికీ తెలియదు.

ఒకే సెట్టింగ్ పాటంతా సరిపోతుందని అనుకోవద్దు. డప్పుని వాయించే ముందు మంట దగ్గర కాచి చర్మం బిగిస్తారు. వేడి తగ్గేకొద్దీ చర్మం సడలి శబ్దం మారుతుంది. మొదటి టేక్‌లో కుదిరిన ఫిల్టర్, థ్రెషోల్డ్ తర్వాతి టేక్‌లో అంత కచ్చితంగా కుదరకపోవచ్చు. టేక్‌లు కలిపి అతికించిన పాటైతే అతుకు దాటాక మీటర్ మళ్లీ చూసుకోవాలి.

రిలీజ్ లెక్క పాట వేగాన్ని బట్టి ఉంటుంది. 60,000ని బీపీఎంతో (నిమిషానికి ఎన్ని బీట్లో ఆ సంఖ్యతో) భాగిస్తే ఒక బీట్‌కి ఎన్ని మిల్లీసెకన్లో వస్తుంది. 120 బీపీఎం అయితే 500, అందులో సగం 250. రిలీజ్ ఆ సగం కంటే కాస్త తక్కువగా పెడితే తర్వాతి దెబ్బ పడేలోపు బేస్ తన స్థాయికి చేరుకుంటుంది. డీజే మిక్స్‌లకు కావాల్సిన ఊపు కావాలంటే రిలీజ్‌ని బీట్ మొత్తానికి దగ్గరగా తీసుకెళ్లి రేషియో పెంచాలి. అలాంటప్పుడు నేను వినిపించని కిక్ ట్రాక్ ఒకటి పెట్టుకుంటాను. దాని మాస్టర్ సెండ్ (చివరి మిక్స్‌కి వెళ్లే దారి) తీసేసి సైడ్‌చెయిన్‌కి మాత్రమే పంపిస్తే, పాటలో కిక్ ఆగిపోయిన చోట కూడా ఊపు ఆగదు.

సకారాల సంగతి కూడా చెప్పాలి. తెలుగులో స, శ, ష తరచూ వస్తాయి, భక్తి పాటల్లో అయితే సంస్కృత పదాల వల్ల ఇంకా ఎక్కువ. డిటెక్టర్‌ని మెయిన్ ఇన్‌పుట్ మీదే ఉంచి హైపాస్‌ని 5,000 నుంచి 6,000 హెర్ట్జ్ దగ్గర పెడితే రియాకాంప్ డీ ఎస్సర్‌గా, అంటే సకారాల పదునుని తగ్గించేదిగా పనిచేస్తుంది. బయటి ట్రాక్ ఏదీ లేదు, అయినా ఇది సైడ్‌చెయిన్ పనే. పాత ఎల్‌ఏ-2ఏ కంప్రెసర్‌లో ఆర్‌37 అనే సర్దుబాటు చేసేది కూడా దగ్గరగా ఇలాంటిదే, పై ఫ్రీక్వెన్సీలకు కంప్రెసర్ ఎక్కువ స్పందించేలా. కాకపోతే ఇక్కడ సకారం వచ్చిన క్షణంలో గొంతు మొత్తం తగ్గుతుంది, పై భాగం మాత్రమే కాదు. 3 డీబీ దాటితే పలుకు నత్తిగా వినిపిస్తుంది. మెల్లగా పాడే గాయనిల గొంతుకు దీన్ని వాడను.

లోపాలు చెప్పకపోతే ఇది సమీక్ష కాదు. మొదటిది, రేంజ్ లేదు. అంటే ఎంత మాట్లాడినా 6 డీబీ కంటే ఎక్కువ తగ్గించొద్దు అని ఒక హద్దు గీయలేం. కథకుడు ఉద్వేగంతో గొంతు పెంచితే మ్యూజిక్ పాతాళానికి పోతుంది. రెండోది, హోల్డ్ లేదు. వాక్యాల మధ్య చిన్న విరామంలో కూడా మ్యూజిక్ లేవడం మొదలుపెడుతుంది, దాన్ని ఆపడానికి రిలీజ్‌ని సాగదీయాలి, సాగదీస్తే నిజంగా మాట ఆగిన చోట మ్యూజిక్ ఆలస్యంగా వస్తుంది. ఫ్యాబ్‌ఫిల్టర్ ప్రో-సీ 2లో ఈ రెండూ ఉన్నాయి. గంటల కొద్దీ కథనాలు చేసేవాళ్లకు ఆ తేడా చేతికి తెలుస్తుంది. రూపం కూడా చాలా సాదాగా ఉంటుంది. స్లైడర్లు, అంకెలు, ఒక మీటర్. గీతలు కదిలే గ్రాఫ్ చూస్తూ నేర్చుకునే అలవాటు ఉన్నవాళ్లకు ఇది నచ్చదు.

రేంజ్ లోటుకి రీపర్‌లోనే ఒక మందు ఉంది, దాన్ని ఎక్కువమంది వాడటం లేదని నా బాధ. ఏ ప్లగిన్‌లో ఏ స్లైడర్‌నైనా శబ్దంతో కదిలించే సదుపాయం పారామీటర్ మాడ్యులేషన్‌లో ఉంది. అందులో ఆడియో కంట్రోల్ సిగ్నల్ ఎంచుకుని, ట్రాక్ ఆడియో ఛానల్‌గా 3/4 ఇవ్వాలి. నేను మ్యూజిక్ ట్రాక్ మీద రియాఈక్యూ అనే ఈక్వలైజర్ పెట్టి, 1,000 నుంచి 4,000 హెర్ట్జ్ మధ్యలో ఒక వెడల్పాటి బ్యాండ్ తీసుకుని, దాని గెయిన్‌ని గొంతుకి కట్టేస్తాను. దిశ నెగెటివ్, స్ట్రెంగ్త్ తక్కువ. ఆ స్ట్రెంగ్త్‌నే హద్దుగా వాడుకోవచ్చు, గొంతు ఎంత పెరిగినా బ్యాండ్ అంతకు మించి దిగదు. మాట అర్థం కావడానికి ముఖ్యమైన చోటే మ్యూజిక్ తగ్గుతుంది, కింద తంబురా, తబలా అలాగే నిండుగా ఉంటాయి. వీణ, వేణువు బీజీఎంగా ఉన్న ప్రవచనాల పనికి నేను మామూలు డకింగ్ మానేసి దీన్నే వాడుతున్నాను. సెట్ చేయడానికి కాసేపు పడుతుంది, ఒకసారి ట్రాక్ టెంప్లేట్‌గా దాచుకుంటే తర్వాత శ్రమ లేదు.

స్టెమ్స్ (ఒక్కో వాయిద్యానికి విడిగా తీసిన ఫైళ్లు) ఇచ్చేటప్పుడు ఒక జాగ్రత్త. రెండర్ చేసిన బేస్ స్టెమ్‌లో డప్పు పడ్డ ప్రతి చోటా గుంట ఉంటుంది. అవతలి మిక్స్ ఇంజనీరు డప్పుని మార్చినా, తగ్గించినా ఆ గుంటలు అలాగే మిగిలిపోతాయి. అందుకే రియాకాంప్ ఆపి ఒకటి, పెట్టి ఒకటి, రెండూ ఇవ్వండి, పేర్లలో సైడ్‌చెయిన్ ఉందో లేదో స్పష్టంగా రాయండి.

ధర విషయానికొస్తే రీపర్‌ని 60 రోజులు ఉచితంగా పరీక్షించవచ్చు, ఆ తర్వాత వ్యక్తిగత వాడకానికి, చిన్న వ్యాపారాలకు లైసెన్స్ 60 డాలర్లు, పెద్ద వ్యాపారానికి 225. రియాకాంప్ మాత్రమే కావాలంటే రియాప్లగ్స్ అనే పేరుతో విండోస్‌కి ఉచితంగా దొరుకుతుంది, వేరే రికార్డింగ్ సాఫ్ట్‌వేర్‌లోనూ నడుస్తుంది. పాత లాప్‌టాప్ మీద కూడా బరువు అనిపించదు, ప్రతి ట్రాక్ మీద ఒకటి పెట్టినా నాకు ఇబ్బంది రాలేదు. సైడ్‌చెయిన్ నేర్చుకోవాలనుకునేవాళ్లు దీనితోనే మొదలుపెట్టండి, ముందు ప్రివ్యూ ఫిల్టర్ టిక్ పెట్టి వినండి. రోజూ కథనాలే మీ పని అయితే మాత్రం రేంజ్, హోల్డ్ ఉన్న కంప్రెసర్ ఒకటి పక్కన కొనిపెట్టుకోండి.