విశాఖలోనే ఉండి సహాయ పాత్రలా, హైదరాబాద్‌కి మకామా?

భీమిలి, ఆర్కే బీచ్, అరకు షూటింగులకు స్థానిక నటుడు దొరికితే నిర్మాతకు ప్రయాణం, బస ఖర్చు మిగులుతుంది. అందుకే విశాఖలో ఉన్నవాళ్లకి ఎస్సై, డాక్టరు, పక్కింటాయన లాంటి ఒకటి రెండు రోజుల వేషాలు వస్తాయి. అయితే కథంతా నడిచే మామయ్య, బాబాయి పాత్రలు యూనిట్ ఇక్కడికి రాకముందే హైదరాబాద్‌లో ఖాయమైపోతాయి. అసలు తేడా ఇదే.

హైదరాబాద్‌లో సినిమావాళ్లు ఎక్కువగా ఉండే కృష్ణానగర్‌లో గది తీసుకుంటే పొద్దున్న కబురొస్తే మధ్యాహ్నానికి సినిమా ఆఫీసులో ఉండొచ్చు. విశాఖ నుంచి అదే ఒక రాత్రి రైలు. కానీ ఆర్నెల్ల అద్దె, తిండి డబ్బు చేతిలో లేకుండా వెళ్లొద్దు. అవసరం తరుముతుంటే ఒకే రకం వేషాలకు ఒప్పేసుకుంటారు, ఆ ముద్ర చెరగదు. గొల్లపూడి మారుతీరావు ఆకాశవాణిలో పనిచేసి, నలభై దాటాక 1982లో తెరమీదికొచ్చారు. ఆలస్యమైందని కంగారు అక్కర్లేదు.

ఇంటి నుంచి పంపే ఆడిషన్ వీడియో బాగుంటే దూరం సగం తగ్గుతుంది. ఫోన్ అడ్డంగా, కంటి ఎత్తులో; వెలుగు ఎదురుగా; వెనక ఖాళీ గోడ; ఒక నిమిషం చాలు. బీచ్‌లో తీస్తే గాలి హోరు మాటను మింగేస్తుంది. నాటకాల నుంచి వచ్చినవాళ్లు చివరి వరుసకు వినిపించేలా పలుకుతారు, దగ్గరి షాట్‌లో అది అరుపులా ఉంటుంది. ‘ఏటి బాబూ, ఎల్లిపోనావా?’ అన్న యాసలో ఒకటి, మామూలు భాషలో ఒకటి పంపండి. ఉత్తరాంధ్ర యాస సహజంగా పలికేవాళ్లు హైదరాబాద్‌లో తక్కువ, అది మీ ఆస్తి.

ఎక్కడున్నా రోజులు, బేటా (రోజువారీ భత్యం), ప్రయాణ ఖర్చు ముందే వాట్సాప్‌లో రాయించుకోండి. కంటిన్యుటీ (షాట్‌షాట్‌కీ రూపం ఒకేలా ఉండాల్సిన పని) ముగిసేదాకా గడ్డం ముట్టుకోవద్దు. ఉద్యోగం, ఇల్లు ఉన్నవాళ్లకి మొదటి రెండేళ్లూ విశాఖే మేలు.