సెందేరోస్ దే త్రాయిసియోన్ వినాలా, అవలాంచా వినాలా?

స్పెయిన్‌లోని జరగోజా కుర్రాళ్ల బ్యాండ్ ఏరోయెస్ దెల్ సిలెన్సియో. 1990లో ఫిల్ మంజనేరా నిర్మించిన 'సెందేరోస్' ఆల్బమ్ మొదట్లోనే 'ఎంత్రే దోస్ తియెర్రాస్' పాట వస్తుంది. హువాన్ వాల్దీవియా గిటార్ తీగలు ఒక్కొక్కటిగా విడివిడిగా మోగుతాయి, తర్వాత డ్రమ్స్ అందుకుంటాయి. ఆ పైన గాయకుడు బున్‌బురీ బరువైన గొంతు. ఎన్నిసార్లు విన్నా ఆ చోట ఒళ్లు జలదరిస్తుంది నాకు.

1995 నాటి 'అవలాంచా' ఆల్బమ్‌కి నిర్మాత మారాడు, బాబ్ ఎజ్రిన్ వచ్చాడు. మెక్సికో నుంచి అలాన్ బోగుస్లావ్‌స్కీ రెండో గిటార్‌తో చేరాడు. దాంతో మోత పెరిగింది, రాక్ ముదిరింది. అందులోని 'ఇబేరియా సుమెర్హిదా' పాట పెద్ద సౌండ్ పెట్టుకుని వినాల్సిందే. కానీ పాత పాటల్లో తీగకీ తీగకీ మధ్య ఉండే ఆ ఖాళీ ఇక్కడ తగ్గింది. మరుసటి ఏడాదే బ్యాండ్ విడిపోయింది.

కొత్తగా వినేవాళ్లకి నేనైతే 'సెందేరోస్' చేతిలో పెడతాను.