లాస్‌లెస్ పేరుతో అమ్మే పాత రాక్ ఆల్బమ్‌లు కొనేముందు జాగ్రత్త

డెబ్బైల నాటి రాక్ ఆల్బమ్‌లను లాస్‌లెస్ (ధ్వనిలో ఏమీ పోకుండా దాచిన) డౌన్‌లోడ్‌లుగా అమ్మే ఒక చిన్న వెబ్‌సైటులో నేను కొన్న ఫైళ్లలో చాలా వరకు, సైజు తగ్గించేందుకు ధ్వనిలో కొంత వదిలేసే ఎంపీ3లనే ఫ్లాక్ అనే లాస్‌లెస్ రకంగా మార్చి అంటగట్టినవని తేలింది. ఫ్లాక్ పద్ధతి తనకు అందిన ధ్వనిని యథాతథంగా దాచిపెడుతుందే తప్ప, ఎంపీ3 చేసినప్పుడు పోయినదాన్ని తిరిగి తేలేదు. కనుక ఫైలు పేరు చివర ఏముందో, సైజు ఎంతుందో చూసి నమ్మడానికి వీల్లేదు.

పింక్ ఫ్లాయిడ్ బృందం వారి 1973 నాటి 'ది డార్క్ సైడ్ ఆఫ్ ద మూన్'లో 'టైమ్' పాట మొదట వచ్చే గడియారాల మోత స్పష్టంగా కాక అలుక్కుపోయినట్లు వినిపించడంతో అనుమానం వచ్చి, ఆ ఫైలును ధ్వని ఏ స్థాయి వరకు ఉందో బొమ్మగా చూపే స్పెక్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌లో తెరిచి చూశాను. సీడీ నాణ్యత గల ఫైలులో దాదాపు 22 కిలోహెర్ట్జ్ (ధ్వని ఎంత కీచుగా ఉందో చెప్పే కొలత) వరకు ధ్వనికి చోటుండగా, ఇందులో 16 దగ్గర కత్తిరించినట్లు అంతా ఆగిపోయింది; 128 కేబీపీఎస్ (సెకను ధ్వనికి వాడే డేటా కొలత; తగ్గేకొద్దీ నాణ్యత తగ్గుతుంది) ఎంపీ3లలో సాధారణంగా కనిపించే గీత అదే. పాత రికార్డింగులలో పై స్థాయి ధ్వనులు క్రమంగా పలచబడడం సహజమే కాబట్టి, అంతమాత్రానికే అమ్మినవారిని తప్పుపట్టకూడదు. అయితే టేపు హోరు (రికార్డింగు టేపులో సహజంగా ఉండే సన్నని రొద) కూడా ఒకే గీత దగ్గర ఠక్కున మాయమైతే అది టేపు లక్షణం కాదు. 320 కేబీపీఎస్ నుంచి మార్చినవాటిలో ఆ గీత 20 దగ్గర ఉంటుంది గనుక పట్టుకోవడం కష్టం.

ఎక్కువ ధర పెట్టిన 24 బిట్, 192 కిలోహెర్ట్జ్ (సీడీకంటే సూక్ష్మంగా, సెకనుకు 1,92,000 సార్లు ధ్వనిని కొలిచే) ఆల్బమ్ సంగతి మరీ అన్యాయం: ఆ కొలతలో సగం, అంటే 96 వరకు ధ్వనికి చోటున్న ఆ ఫైలులో 22 పైన మొత్తం ఖాళీ. సీడీ ఫైలునే సాగదీసినట్లుంది.

ఆ స్పెక్ చిత్రాలన్నీ వెబ్‌సైటు వారికి పంపితే, తమకు అందిన ఫైళ్లనే ఇచ్చామని, డౌన్‌లోడ్ చేసినవాటికి డబ్బు వాపసు ఉండదని జవాబిచ్చారు. ప్రస్తుతం కార్డు ఇచ్చిన బ్యాంకులో ఫిర్యాదు నడుస్తోంది.

కొత్త చోట కొనేవారు ముందుగా ఒక్క పాట మాత్రమే కొని స్పెక్‌లో చూసుకోండి, వాపసు నిబంధనల పేజీని స్క్రీన్‌షాట్ తీసి ఉంచుకోండి. అమ్మేవారు మన దేశంలోనే ఉంటే జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫిర్యాదు చేయవచ్చు. చెవితో పరీక్షించదలిస్తే వైరున్న హెడ్‌ఫోన్లు వాడండి. మామూలు బ్లూటూత్ తానే ధ్వనిని మళ్లీ కుదిస్తుంది కాబట్టి అందులో తేడా బయటపడకపోవచ్చు.